నల్లపళ్ళ సెట్టు

ముసలావిడ పళ్ళు ఇంకా గ్లాసులోనే ఉన్నాయి.

నిన్న సాయంత్రం అందరి ముందూ తీసి నీళ్ళలో వేసి, తన గదిలోకి వెళ్ళి పడుకుంది. తెల్లారి అతను మంచినీళ్ళకని వంటింట్లోకి వస్తే స్టవ్వు పక్క గట్టు మీద, ఎవరితోనూ పేచీ లేనట్టు ఇకిలిస్తూ కనిపించాయి. పై వరసా కింది వరసా, మచ్చలేని తెలుపు. ఆ రెండింటినీ కట్టింది అతనే.

"మీ అమ్మగారు రాత్రి తినలేదు. పొద్దున్న టీ ముట్టలేదు," అంది భార్య, పాలగిన్నె మీంచి తల తిప్పకుండా. "ఎల్లుండి వచ్చేవాళ్ళు మనం ఆవిణ్ణి మాడుస్తున్నామనుకుంటే ఇక సర్టిఫికెట్టు వచ్చినట్టే."

"టీ తాగడానికి పళ్ళెందుకు?"

"ఆ మాట నాతో కాదు, ఆవిడతో అనండి."

అనడని ఆమెకి తెలుసు. ఎదుటివాళ్ళు మాట్లాడుతుంటే అతను నోటి వంక చూస్తూ కూర్చుంటాడు. పళ్ళు కట్టేవాడి జబ్బది. కోపంలో ఉన్న మనిషి కోరపన్ను అరిగిందని, ఏడుస్తున్న మనిషి పైచిగురు వాచిందని గమనిస్తాడు. ఆ తరవాత కోపాన్నీ ఏడుపునీ పట్టించుకోవలసిన అవసరం ఉండదు.

గొడవంతా బావమరిది తెచ్చిపెట్టింది. రిజిస్ట్రేషన్ ఆఫీసు అరుగు మీద దస్తావేజులు రాసి బతికేవాడు. ప్రభుత్వం ఎలా ఆలోచిస్తుందో తనకి తెలిసినంతగా ప్రభుత్వానికి కూడా తెలియదని అతని నమ్మకం. పళ్ళ డాక్టరు చదువులో చిన్నజాతుల సీటు ఒకటి మిగిలి ఉందని, మామూలు దారిలో మేనకోడలికి తప్పిపోయింది ఈ దారిలో దొరుకుతుందని కనిపెట్టింది అతనే. దానికి తండ్రి జాతి రుజువు కావాలి. తండ్రేమో పెళ్ళికి ముందే తనని మైదానం మనిషిగా రాయించుకున్నాడు. అందుకని విచారణ వేశారు. వచ్చేవాళ్ళు కాగితాలు చూడరట, మనుషుల్ని చూస్తారట. ఇంట్లో ఆ జాతి ఆడపెద్ద ఉంటే ఆవిడ మాటే రుజువు. ఆ జాతి ఆడపెద్ద అని ఎలా తెలుస్తుందంటే, నల్లటి పళ్ళు ఉంటాయి. ముసలావిడవా, తెల్లవి. అవీ కట్టుడువి.

"దీనికి బెంగెందుకు బావా," అన్నాడు నిన్న, బిస్కెట్టు టీలో ముంచుకుంటూ. "నీ చేతిలో పనేగా. ఇంకో సెట్టు కట్టు. నల్లది."

ఇంకో చొక్కా కుట్టించమన్నంత తేలిగ్గా అన్నాడు. ముసలావిడ నోట్లో వేలు పెట్టి ఉన్న సెట్టు తీసేసింది అప్పుడే.

భార్య మాత్రం తమ్ముడి మాటకి వెంటనే తల ఊపింది. అది చూసి అతనికి నవ్వొచ్చింది. నవ్వలేదు. పెళ్ళి మాటలనాడు ఈవిడ తండ్రే అన్నాడు: అబ్బాయి బుద్ధిమంతుడే, ఆ తల్లి నోరు తెరిస్తే మాత్రం మావాళ్ళకి ముద్ద దిగదు. ఈవిడ ఆనాడు తలుపు పక్కన నిలబడి విన్నది, కాదనలేదు. ఊళ్ళో ఆ జాతికి అందరూ వాడే పేరు బొగ్గునోళ్ళు. ప్రభుత్వం పెట్టిన పేరు వేరే ఉంది గానీ దాన్ని ప్రభుత్వంవాళ్ళే సరిగ్గా పలకలేరు. ఏటా వచ్చే సర్కారు క్యాలెండరులో నెలకో జాతి రంగుబట్టలు కట్టుకుని నవ్వుతూ ఉంటుంది. దేశంలో జాతులు ఎక్కువ, నెలలు తక్కువ. అందుకని చిన్నవాటిని ఒకే బొమ్మలో ఇరికిస్తారు. ఆ గుంపులో ఒక చివర అతని జాతి ఆడవాళ్ళు పెదాలు బిగించి నిలబడి ఉంటారు. మీరు నవ్వకండని ఫొటో తీసినవాడు చెప్పి ఉంటాడు.

ఆ పెళ్ళి కోసమే అతను తల్లిని డాక్టరు కుర్చీలో కూర్చోబెట్టాడు. ఒక్కటి పుచ్చలేదే, ఇంత గట్టి పళ్ళు ఎక్కడా చూడలేదే అని ఆశ్చర్యపడుతూనే డాక్టరు వరసగా పీకేశాడు. తరవాత అచ్చు తీసి అతను కట్టిన తెల్లసెట్టే ఇప్పుడు గ్లాసులో ఉంది. అతని చేతి మీద తయారైన మొదటి పూర్తి సెట్టు. తల్లి వద్దనలేదు. "నీ ఇష్టం నాయనా," అంది. అప్పట్నుంచి దేనికైనా అదే మాట. ఇల్లు మారినా, పిల్లని ఏ బడిలో వేసినా, తన మంచం గాలిరాని గదిలోకి జరిపినా. అత్తగారంటే మా అత్తగారని భార్య పక్కింటివాళ్ళ దగ్గర చెప్పుకునేది.

కూతురు వచ్చి గ్లాసు ఎత్తి, వెలుగులో పెట్టి చూసింది.

"నల్లవి కట్టగలవా నాన్నా, లేదా?"

"కట్టడం పెద్ద పనేం కాదు."

"అయితే నానమ్మ సంగతి నేను చూసుకుంటా. మీరిద్దరూ ఆవిడ గదిలోకి వెళ్ళకండి. వెళ్తే చెడగొడతారు."

తలుపు వేసుకుని ఏం చెప్పిందో కాసేపటికి ముసలావిడ వచ్చి టీ తాగింది. ఎలా ఒప్పించావే అని భార్య అడిగితే, సీటు రాకపోతే నేను కూడా నాన్నలాగా డాక్టర్ల వెనకగదిలో కూర్చోవలసిందేనని చెప్పా, అంది కూతురు. అతను అక్కడే ఉన్నాడు. ఆ పిల్ల అది గమనించి కూడా గొంతు తగ్గించలేదు. మంచి పలువరస, ఎక్కడా వంకర లేదు. ఆ మాట అన్నది అంత చక్కటి నోరు కావడం అతనికి ఎక్కువ బాధ కలిగించింది.

*

పళ్ళ ఆస్పత్రిలో వీధివైపు గది డాక్టర్లది. చల్లటి గాలి, తెల్లటి దీపం, మెత్తటి కుర్చీ. వెనకగది అతనిది. ప్లాస్టర్ దుమ్ము, కరిగిన మైనం వాసన, మోటారు రొద. డాక్టర్లు అతన్ని పేరుతో పిలవరు. 'వెనక' అంటారు. వెనక్కి పంపండి, వెనక అడగండి, వెనక చెడగొట్టాడు. మొన్న చదువు ముగించి వచ్చిన కుర్రడాక్టరు కూడా రెండో రోజుకే ఆ మాట నేర్చుకున్నాడు.

పళ్ళ రంగులు చూసుకునే పట్టీ తీశాడు. దాంట్లో అన్నీ తెలుపులే. పాలలాంటిది, పసుపు తిరిగింది, పొగ తాగేవాడిది. మనిషి నోట్లో ఉండదగిన రంగులు ఇవేనని ఎక్కడో ఒక కంపెనీ కూర్చుని తీర్మానించేసింది.

తల్లి పళ్ళ రంగు గుర్తు చేసుకుందామని చూశాడు. రాలేదు. ఆ నోటితోనే తనని ముద్దాడింది, ఆ నోటితోనే తిట్టింది, జ్వరం వచ్చినప్పుడు ఆ నోటితోనే నుదుటి మీద ఊదింది. అయినా కళ్ళు మూసుకుంటే రంగు బదులు తిట్టు కనిపిస్తోంది. బడిలో గోడల మీద రాసిన తిట్టు. దాన్ని చూసీ చూసీ అసలుదాన్ని పోగొట్టుకున్నాడు. చివరికి తిట్టులో ఉన్న రంగే వేశాడు. బొగ్గు.

మధ్యాహ్నం కూతురు ముసలావిణ్ణి తీసుకొచ్చి, సినిమాకి దిగబెట్టినట్టు గుమ్మంలో దిగబెట్టి పోయింది. తల్లి స్టూలు మీద కూర్చుని సెట్టు చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పింది.

"ఇదేంట్రా, బొగ్గులా ఉంది," అంది బోసినోటితో.

"నల్లగానే కదా ఉండాలి."

"ముదిరిన వంకాయ తోలుకి నూనె రాస్తే ఎలా మెరుస్తుందో చూడు. అదీ మా నలుపు. ఇది పొయ్యిలో నలుపు."

విసుక్కుంటూనే మళ్ళీ చేశాడు. నలుపులో కాస్త ఊదా కలిపాడు, మెరుపు వచ్చేదాకా అరగదీశాడు. చెయ్యి తనంతట తనే ఒక చోట ఆగింది. అదే రంగు. మోటారు ఆపి కాసేపు దాని వంక చూసి, గుర్తొచ్చిందన్న సంగతి ముఖంలో కనపడకుండా తల్లికి అందించాడు.

ఆవిడ పెట్టుకుంది. బుగ్గలు నిండాయి. అద్దంలోకి చాలాసేపు చూసుకుంది. అద్దం దించి గది నాలుగువైపులా చూసింది.

"బల్ల కిటికీ కిందకి జరుపుకో. ఈ చీకట్లో కళ్ళు పోతాయి," అంది. కాస్త ఆగి, "నీ పెళ్ళాం కూరల్లో ఉప్పు ఎక్కువేస్తుంది. నీ కూతురికి నువ్వంటే లెక్కలేదు, ఆ తప్పు నీదే. నీ బావమరిదిని గుమ్మం దాటి లోపలికి రానివ్వకూడదు," అంది.

అతను తల్లి వంక తెల్లబోయి చూశాడు. ఆవిడ నోటి వెంట ఒక్కసారిగా అన్ని మాటలు విని చాలా ఏళ్ళయింది.

"ఇన్నాళ్ళూ చెప్పలేదేం?"

"ఎలా చెప్పను? నోట్లో నలుపు లేదుగా."

తరవాత ఆవిడ, పసివాడికి చెప్పినట్టు చెప్పుకొచ్చింది. వాళ్ళ వైపు పిల్లకి పెద్దాడవాళ్ళు కూడి పళ్ళకి నలుపు వేస్తారు. వేసేదాకా అది ఏ ఇంటి పిల్లయినా మనుషుల్లో లెక్క కాదు, దాన్ని ఎవరూ ఏమీ అడగరు. వేశాక నలుగురిలో మాట్లాడుతుంది, ఆ మాట నిలుస్తుంది. ఆ నోటితో అబద్ధమాడకూడదు, అన్నమాట వెనక్కి తీసుకోకూడదు. ముసలితనాన పళ్ళు వాటంతట అవి రాలితే ఏం ఫరవాలేదు, మాట ఉంటుంది. పీకించుకుంటే పోతుంది. పోయాక ఏమడిగినా నీ ఇష్టం అనడమే.

పాతికేళ్ళుగా అతను వినయమనుకున్నది అది. భార్య పక్కింటివాళ్ళ దగ్గర చెప్పుకు మురిసింది అది.

అతనికి నవ్వు తెప్పించుకోవాలనిపించింది. మూఢత్వం, కొండమనుషుల పిచ్చి అనుకుంటే సరిపోతుంది. అలా అనుకోవడానికే కదా ఇంత దూరం వచ్చింది. "ఇవీ కట్టుడువే కదమ్మా, వీటికెలా వస్తుంది మాట?" అన్నాడు, వెక్కిరింత దాచుకోకుండా.

"పీకించినవాడే తెచ్చి పెట్టాడు. రాకేం?" అంది ఆవిడ, చాలా మామూలుగా.

*

ఆ సాయంత్రం నుంచి ఇల్లు ఇల్లులా లేదు. ముసలావిడ తన మంచం కిటికీ పక్కకి వేయించుకుంది. బావమరిది చెప్పులు విప్పుతుంటే, ముందు వెళ్ళి కాళ్ళు కడుక్కు రమ్మంది. కోడలు వంటింట్లో ఉంటే వెనక నిలబడి, అంత ఉప్పెందుకని అడిగింది. పెట్టుకున్న సెట్టు నిద్రలో కూడా తీయలేదు.

"విచారణప్పుడు కాసేపు పెట్టుకుని తీసేయమనండి ఆవిణ్ణి," అంది భార్య. "ఇన్నేళ్ళు కాపురం చేశాక నాకు ఈ వయసులో కొత్త అత్తగారు వచ్చారు."

"నువ్వు కోరుకున్న పళ్ళే అవి."

"నోరు కోరుకున్నా. మాట కాదు."

అతను భార్య మాట తప్పని అనుకోలేదు. తనూ అంతే కోరుకున్నాడు. ఒక విచారణకి సరిపడా తల్లి చాలు అతనికి. అయితే తెలిసినదాన్ని ఆమెకి చెప్పలేదు. చెబితే ఇద్దరూ కలిసి నవ్వుకోవాలి, లేదా ఇద్దరూ కలిసి సిగ్గుపడాలి. ఆమెతో కలిసి ఏదైనా చేసే అలవాటు పోయి చాలా కాలమైంది.

*

విచారణకి ఇద్దరు వచ్చారు. ఆవులింతలు ఆపుకోలేని అధికారి ఒకడు. కింది దవడలో బంగారు తొడుగు, చవకరకం పని. రెండో మనిషి యూనివర్సిటీ నుంచి వచ్చిన మేడమ్. జాతుల గురించి పుస్తకాలు రాసింది. ఓ సెలవుల్లో ఆ కొండల్లో కొన్నాళ్ళు ఉండి వచ్చింది కాబట్టి ముసలావిడతో గట్టిగా, విడివిడిగా, చెవిటివాళ్ళతో మాట్లాడినట్టు మాట్లాడింది. మీ ఆచారాలంటే నాకు చాలా గౌరవం అమ్మా, అంది. నోరు తెరవమంది.

ముసలావిడ తెరిచింది.

"సార్, ఇలా రండి. ఈ మెరుపు చూడండి," అంది మేడమ్. "ఇది పాతతరం పని. ఈ నాణ్యం ఇప్పటివాళ్ళకి రాదు."

అధికారి వంగి చూసి తల ఊపాడు. మేడమ్ ఫోన్లో ఫొటోలు తీసుకుంది. గోడకి ఆనుకుని నిలబడ్డ అతనికి ఒళ్ళంతా వెచ్చబడింది. ఇన్నేళ్ళ వెనకగది బతుకులో అతని పనిని ఇంతగా మెచ్చుకున్నవాళ్ళు లేరు. మెచ్చుకున్న మనిషి అంటే ఎంత చులకన కలిగిందో, తనకి కలిగిన ఆ సంతోషమంటే అంతకంటే చులకన కలిగింది. భార్య అతని వంక చూడకుండా బిస్కెట్ల పళ్ళెం సర్దింది.

కొడుకు గురించి అడిగారు. నా కడుపున పుట్టినవాడే, అంది ముసలావిడ. అధికారికి పని అయిపోయినట్టే అనిపించింది. కలం మూత తీశాడు.

"ఈ అమ్మాయి మీ కొడుకు కూతురు. అంటే మీ జాతి పిల్లే. అంతేగా అమ్మా?"

ముసలావిడ మనవరాలి వంక చూసింది.

"అంతేనండి, వేరే చెప్పాలా," అన్నాడు బావమరిది కుర్చీ ముందుకు జరుపుకుని.

"పెద్దవాళ్ళు మాట్లాడుతుంటే నువ్వెవడివి మధ్యలో," అంది ముసలావిడ అతని వైపు తిరక్కుండానే. తరవాత అధికారితో అంది: "ఇంకా కాలేదు బాబూ."

"ఏం కాలేదు?"

"మా మనిషి కాలేదు. నా మనవరాలే. తెల్లపళ్ళతో ఉన్నదాన్ని మా మనిషి అని నేను చెప్పకూడదు. నలుపు వేయిస్తే అవుతుంది. మా మేనకోడలు ఉంది, వేస్తుంది. వేయించాక రండి, నా నోటితో నేనే చెబుతా."

మేడమ్ ముఖం వెలిగిపోయింది. సార్, నేను నా పుస్తకంలో సరిగ్గా ఇదే రాశాను, అంది. ఇది పైవాళ్ళని అడగాలని అధికారి ఫోను తీసుకుని వరండాలోకి వెళ్ళాడు. మేడమ్ తన పుస్తకంలో పేజీ చెప్పడానికి వెంటే వెళ్ళింది.



లోపల భార్య ముందు తేరుకుంది. గొంతు బాగా తగ్గించి, అందుకే దాని విషం అంతగా తెలిసేలా, అత్తగారిని అడిగింది: పళ్ళ డాక్టరు కాబోయే పిల్ల నల్లపళ్ళతో కూర్చుంటే దాని దగ్గరికి ఎవడు వస్తాడు, దాన్ని ఎవడు చేసుకుంటాడు, తిండి పెట్టిన ఇంటికి ఇదా మీరు చేసేది అని. ముసలావిడ, నన్ను అడిగారు, చెప్పాను, అంది. బావమరిది, ఆవిడకి మతి సరిగ్గా లేదని రాయించుకుందామన్నాడు. అప్పుడు ఆవిడ చెప్పిందేదీ చెల్లదు బావా, ఇంకో ముసలిదాన్ని చూద్దాం, అన్నాడు. ఇంకో ముసలిదాన్ని ఎక్కణ్ణించి తెస్తాడో అతనికి అర్థం కాలేదు. తేగలడనిపించింది మాత్రం.

కూతురు ఒక్కతే కదలకుండా కూర్చుని ఉంది. ఏదో లెక్క వేసుకుంటున్నట్టు చూపు నేల మీద ఉంది.

"నాన్నా, ఆ నలుపు పోతుందా?"

"పోదు."

"తోమినా, గీకినా?"

"పన్ను పైపొర పట్టేస్తుంది. పీకితే తప్ప పోదు."

"సరే అయితే," అంది కూతురు. "వేయించుకుంటా. చదువయ్యేదాకా భరిస్తా. చదువయ్యాక పీకించుకుని తెల్లవి పెట్టించుకుంటా. కట్టడానికి మా నాన్న ఉన్నాడుగా."

చూశావా, బుర్ర అంటే అదీ అన్నాడు బావమరిది. కూతురు నవ్వింది. ఆ నవ్వు ఎవరి కోసమో తెలియలేదు. అందులో తండ్రి ఉన్నాడు, తల్లి ఉంది, వరండాలో ఉన్నవాళ్ళూ ఉన్నారు. కాస్త తేడా లేకుండా అందరికీ సమంగా పంచినట్టుంది. ఆ నవ్వు తనదేనని అతను గుర్తుపట్టాడు. తన నోట్లో ఎన్నడూ పైకి రానిది, ఆ పిల్ల నోట్లో ఎంత తేలిగ్గా వచ్చిందో.

ముసలావిడ మనవరాలి వంకే చూస్తోంది.

వరండాలోంచి ఇద్దరూ తిరిగొచ్చారు. అధికారి ఆవులింత మింగి కుర్చీలో కూర్చున్నాడు. పైవాళ్ళు ఒప్పుకున్నారట. పెద్దావిడ మాట ఇస్తే, పిల్లకి ఆ తంతు జరిపిస్తామని రాసుకుని ఈలోపు సీటు ఆపి ఉంచుతారట. ఆవిడ ఒప్పుకోకపోతే మిగిలిన సీటు ఈ వారంలోనే ఇంకొకరికి పోతుంది.

"చెప్పండమ్మా," అన్నాడు కలం పట్టుకుని. "మనవరాలికి నలుపు వేయిస్తారు, మీ మనిషి అవుతుంది. మీ మాటగా రాసుకోనా?"

భార్య చేతులు జోడించింది, అత్తగారి వైపో అధికారి వైపో తెలియకుండా. కూతురు నిటారుగా కూర్చుని నానమ్మకి ఆ చక్కటి పలువరస చూపించింది.

ముసలావిడ పెదాలు మూసే ఉన్నాయి. ఆలోచించుకుంటోందని అందరూ అనుకున్నారు. మేడమ్ ఆ మౌనాన్ని కూడా గౌరవంగా రాసుకుంది.

ఆ గదిలో దవడల సంగతి తెలిసినవాడు ఒక్కడే. తల్లి కింది పెదవి కాస్త ముందుకు రావడం అతను చూశాడు. ముక్కు కింద చర్మం ఉబ్బి తగ్గింది. మళ్ళీ ఉబ్బింది. లోపల ఏం జరుగుతోందో అతనికి కళ్ళకి కట్టినట్టు తెలుసు. రోజూ నోళ్ళలో చూసేదే. నాలిక వెనక నుంచి పై సెట్టుని కిందకి తోస్తోంది.

చిగురుని వదిలిన సెట్టు చిన్నగా చప్పుడు చేసింది. అధికారి కలం ఇంకా కాగితం మీదే ఉంది. ముసలావిడ చెయ్యి ఒళ్ళోంచి లేచి నోటి వైపు వెళుతోంది.